జీవితం కంటే ముందు జీతం: సంగీతకర్తల కథలు చదివే పద్ధతి

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం వింటానని తెలిసినవాళ్లు నన్ను తరచుగా అడిగే ప్రశ్న ఒకటుంది. బాఖ్, మోజార్ట్, బీథోవెన్ లాంటివాళ్ల జీవితాలు ఎక్కడ మొదలుపెట్టి చదవాలి? అడిగేవాళ్లలో చాలామంది అప్పటికే ఏదో ఒక జీవితచరిత్ర తెరిచి సగంలో ఆపేసి ఉంటారు. అందులో వింతేమీ లేదు. ఆ పుస్తకాల్లో ఎక్కువ భాగం ఒకే వరసలో నడుస్తాయి. నాలుగేళ్లకే వాయించాడు, తండ్రి దండించాడు, దొరలు మెచ్చుకున్నారు, అప్పులపాలయ్యాడు, పోయాక లోకం గుర్తించింది. పేరు చెరిపేస్తే ఎవరి కథో పోల్చుకోలేం.

నాది ఆడిట్ వృత్తి. ఒక సంస్థ సంగతి తెలియాలంటే వార్షిక నివేదికలో అధ్యక్షుడి సందేశం దాటేసి, వెనక పేజీల్లో ఉన్న పద్దుల దగ్గరికి వెళ్లాలని మాకు మొదట్లోనే నేర్పుతారు. ఆ అలవాటుతోనే సంగీతకర్తల దగ్గరికీ వెళ్లాను. ఈ మనిషికి డబ్బు ఎవరిచ్చారు, దేనికిచ్చారు, బదులుగా ఏం రాయించుకున్నారు, ఏం రాయనివ్వలేదు? ఈ నాలుగూ తేలితే మిగతా జీవితం చాలావరకు అర్థమవుతుంది, సంగీతం కూడా అర్థమవుతుంది. ఫలానా ఆదివారం కోసం, ఫలానా గాయకురాలి గొంతు కోసం, ఫలానా అద్దె కోసం రాసిన మనిషి కనిపిస్తాడు. నాకు ఆ మనిషే ఇష్టం.

ముందు ఒక రచన పట్టుకోండి

మనిషి పుట్టుకతో మొదలుపెట్టొద్దు. మీకు నచ్చిన ఒక్క రచన తీసుకోండి. ఆర్కెస్ట్రా వాయించే సింఫనీ కావచ్చు, ఒక్కరే వాయించే పియానో సొనాటా కావచ్చు. ఒక నోట్‌బుక్కులో పేజీని నిలువుగా గీసుకుని ఐదు గళ్లు పెట్టండి: ఏ ఏడు, ఏ ఊరు, డబ్బు ఎవరిది, ఎంత, ఎవరు వాయించడానికి. మొదట్లో రెండు గళ్లు ఖాళీగానే ఉంటాయి. ఉండనివ్వండి. ఆ ఖాళీలే తర్వాత ఏం వెతకాలో చెబుతాయి.

మోజార్ట్ పియానో కాన్సర్టోలతో (పియానో, దానికి తోడు ఆర్కెస్ట్రా ఉండే రచనలతో) చేసి చూపిస్తాను. లెక్కలో ఉన్నవి 27. వాటిలో 12 కేవలం 1784 నుంచి 1786 దాకా మూడేళ్లలో పుట్టాయి. ఆ తర్వాత బతికిన ఐదేళ్లలో వచ్చినవి రెండే. జీవితచరిత్రలో ఇది ఒక వాక్యంగా దొర్లిపోతుంది. గళ్లలో రాసుకుంటే మాత్రం కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది, ఎందుకన్న ప్రశ్న దానంతట అదే వస్తుంది.

జవాబు "డబ్బు ఎవరిది" అన్న గడిలో ఉంది. 1781లో మోజార్ట్ జాల్స్‌బర్గ్ ఆర్చ్‌బిషప్ కొలువు వదిలేశాడు. వదిలేశాడనడం మర్యాదకి. కౌంట్ ఆర్కో అనే అధికారి వెనక నుంచి తన్ని మరీ గది బయటికి పంపాడని మోజార్టే తండ్రికి రాశాడు. వియన్నాలో జీతం లేదు. అందుకని చందా కచేరీలు పెట్టాడు. ముందే డబ్బు కట్టినవాళ్లు వచ్చి వింటారు, వాళ్లకు ప్రతిసారీ కొత్త సరుకు కావాలి, పియానో ముందు కూర్చునేది తనే. కాన్సర్టో అంటే ఆయన తన కోసం తనే తయారు చేసుకున్న జీవనాధారం. 1784లో చందాదారుల జాబితా తండ్రికి పంపాడు. అందులో 170కి పైగా పేర్లున్నాయి, ఎక్కువమంది ప్రభువంశాలవాళ్లు. 1788లో ఆస్ట్రియా టర్కులతో యుద్ధంలోకి దిగింది, ఆ ప్రభువులు చాలామంది నగరం విడిచారు, కచేరీల రాబడి పడిపోయింది. కాన్సర్టోల సంఖ్యా పడిపోయింది. ప్రతిభ ఎండిపోయిందని ఎవరైనా అంటే, సరిగ్గా ఆ 1788 వేసవిలోనే ఆఖరి మూడు సింఫనీలు రాశాడని చెప్పండి.

ఉద్యోగం మారిన చోట ఆగండి

రెండో పని: ఆ సంగీతకర్త ఎన్ని ఉద్యోగాలు మారాడో ఒక కాగితం మీద వరసగా రాసుకుని, ఒక్కో ఉద్యోగం పక్కన ఆ కాలపు రచనలు పెట్టండి. బాఖ్ విషయంలో ఇది తప్పనిసరి. ఆయన జీవితంలో ప్రేమ వివాదాలు, సాహసయాత్రలు పెద్దగా దొరకవు. దొరికేదల్లా ఉద్యోగ చరిత్రే. అది మాత్రం ఏ నవలకీ తీసిపోదు.

1708లో వైమార్. పని ఆర్గాన్ వాయించడం, కాబట్టి గొప్ప ఆర్గాన్ రచనలు చాలావరకు అక్కడివే. 1717లో కోథెన్ రాకుమారుడు లియోపోల్డ్ మంచి ఉద్యోగం ఇస్తానన్నాడు. వైమార్ డ్యూక్ వదలనన్నాడు. బాఖ్ పట్టుబట్టాడు. ఫలితంగా నవంబరు 6 నుంచి డిసెంబరు 2 దాకా జైల్లో ఉన్నాడు. రాజీనామా అడిగినందుకు జైలు! ఆ కాలపు సంగీతకారుడి హోదా ఏమిటో తెలుసుకోవడానికి ఈ ఒక్క పద్దు చాలు.

కోథెన్‌లో కొలువు కాల్విన్ మతశాఖది. వాళ్ల ప్రార్థనలో ఆడంబరమైన సంగీతానికి చోటు లేదు. అంటే చర్చి కోసం రాయాల్సిన పని దాదాపు లేదు. రాకుమారుడి దగ్గర మంచి వాద్యకారులున్నారు. కాబట్టి ఈ ఐదారేళ్లలో వాద్య సంగీతమే పొంగిపొర్లింది. బ్రాండెన్‌బర్గ్ కాన్సర్టోల అంకితం 1721 నాటిది, 24 స్వరస్థాయిల్లోనూ ప్రెల్యూడ్‌లు, ఫ్యూగ్‌లు అనే కీబోర్డు రచనలు కూర్చిన మొదటి సంపుటం 1722ది. 1723లో లైప్‌జిగ్‌లో సెయింట్ థామస్ బడిలో కాంటర్ (సంగీత నిర్వాహకుడి) ఉద్యోగం వచ్చింది. నగర సభ ముందు అడిగింది టెలెమాన్ అనే సంగీతకర్తని, తర్వాత గ్రౌప్నర్ అనే మరో సంగీతకర్తని. గ్రౌప్నర్‌ని ఆయన యజమాని జీతం పెంచి నిలుపుకున్నాడు. మూడో పేరు బాఖ్‌ది. ఇక్కడ పని ఆదివారం ఆదివారం చర్చికి సంగీతం సమకూర్చడం. మొదటి రెండేళ్లు దాదాపు వారానికొక కాంటాటా (గాయకులూ వాద్యాలూ కలిసి చేసే చర్చి రచన) చొప్పున రాశాడు. ఒకసారి ఈ మూడు ఊళ్ల రచనలు వరసగా వినండి. మనిషి ఒకడే, యజమానులు వేరు.

ఇప్పుడు నాకు అన్నిటికన్నా ఇష్టమైన కాగితం. 1730 అక్టోబరులో బాఖ్ తన చిన్ననాటి స్నేహితుడు ఎర్డ్‌మాన్‌కు, వేరే ఉద్యోగం ఏమైనా ఉంటే చూడమని, ఒక ఉత్తరం రాశాడు. ఏడాదికి సుమారు 700 థాలర్లు (అప్పటి జర్మన్ నాణేలు) వస్తాయట. అందులో పెద్ద భాగం జీతం కాదు, పెళ్లిళ్లకీ అంత్యక్రియలకీ ముట్టే రుసుము. మరణాలు ఎక్కువైతే రాబడి పెరుగుతుంది, ఊళ్లో గాలి ఆరోగ్యంగా ఉంటే తగ్గుతుంది అని వివరంగా లెక్క చెప్పాడు. కిందటేడు మామూలు అంత్యక్రియల మీద 100 థాలర్లకు పైగా నష్టపోయానని వాపోయాడు. కోపం, చమత్కారం, ఇల్లు గడవని టెన్షన్ ఆ కొన్ని పంక్తుల్లోనే ఉన్నాయి. విగ్రహంలా గంభీరంగా కూర్చున్న బాఖ్ బొమ్మ చూసి భయపడేవాళ్లకు నేను ముందు ఈ ఉత్తరం సంగతే చెబుతాను.

ఇంకో మూడేళ్లకు, 1733లో, డ్రెస్డెన్ ప్రభువుకు ఒక మాస్ (చర్చి ఆరాధన పాఠానికి కట్టిన సంగీతం) తాలూకు రెండు భాగాలు పంపి ఆస్థాన బిరుదు అడిగాడు. ప్రభువు కేథలిక్, బాఖ్ లూథరన్. బిరుదు వస్తే లైప్‌జిగ్ పెద్దల ముందు తన మాట చెల్లుతుందని ఆశ. 1736లో ఇచ్చారు. అర్జీతో జతపరిచిన ఆ రెండు భాగాలే తర్వాత బి మైనర్ మాస్‌లో చేరాయి.

డబ్బును డబ్బుతోనే పోల్చండి

పాత మొత్తాలను ఈనాటి కరెన్సీలోకి మార్చే పని పెట్టుకోవద్దు. అలాంటి లెక్కలు ఎంత నమ్మకంగా చెప్పినా నేను ఒప్పుకోను. ఆ రోజుల్లో రొట్టె ధరకీ పనిమనిషి జీతానికీ మధ్య ఉన్న నిష్పత్తి ఇప్పుడు లేదు. అదే ఊళ్లో, అదే దశాబ్దంలో మరో మొత్తంతో పోల్చండి. జాల్స్‌బర్గ్‌లో ఆస్థాన ఆర్గనిస్టుగా మోజార్ట్ వార్షిక జీతం 450 గుల్డెన్లు (అక్కడి నాణేలు). వియన్నాలో 1784 నుంచి 1787 దాకా ఉన్న ఇంటి అద్దె ఏడాదికి 460. అంటే ఇంటి అద్దె పాత జీతాన్ని మించిపోయింది. 1787 చివర చక్రవర్తి ఆస్థానంలో పదవి ఇచ్చారు, జీతం 800. అంతకు ముందు అదే చోట ఉన్న గ్లుక్ అనే సంగీతకర్తకు 2000 వచ్చేవి. ఈ నాలుగు అంకెలు పక్కపక్కన పెడితే, మోజార్ట్ కటిక పేదవాడూ కాదు, నిశ్చింతగానూ లేడు అని తెలుస్తుంది. బాగా సంపాదించి, అంతకన్నా ఎక్కువ ఖర్చు పెట్టి, రాబడి తగ్గినప్పుడు ఖర్చు తగ్గించలేకపోయిన మనిషి. ఇలాంటి ఖాతాలు నేను చాలా చూశాను.

రాబడి ఎంతన్నదే కాక, అది ఎంత కాలం నిలిచిందో కూడా చూడాలి. 1809లో బీథోవెన్ జర్మనీలోని కాసెల్‌లో కొలువుకు వెళ్లిపోతానంటే ముగ్గురు ప్రభువులు కలిసి ఏడాదికి 4000 గుల్డెన్లు ఇస్తామని ఒప్పందం రాశారు. కిన్స్కీ 1800, ఆర్చ్‌డ్యూక్ రూడోల్ఫ్ 1500, లోబ్‌కోవిట్స్ 700. షరతు ఒక్కటే, ఆస్ట్రియా రాజ్యం వదలకూడదు. ఏం రాయాలో చెప్పలేదు. సంగీత చరిత్రలో ఇంత ఉదారమైన ఒప్పందం అరుదు. జీవితచరిత్రలు ఇక్కడ చప్పట్లు కొట్టి ముందుకు పోతాయి. మీరు మాత్రం తర్వాతి పేజీలు తిప్పండి. 1811లో ప్రభుత్వం కాగితపు డబ్బు విలువను ఐదో వంతుకు కోసేసింది. 1812లో కిన్స్కీ గుర్రం మీద నుంచి పడి చనిపోయాడు. లోబ్‌కోవిట్స్ ఆస్తులు చిక్కుల్లో పడ్డాయి. బాకీ రాబట్టుకోవడానికి బీథోవెన్ కొన్నేళ్లు తిరగాల్సి వచ్చింది. మాట తప్పనివాడు రూడోల్ఫ్. బీథోవెన్ ఎవరికి ఏం అంకితమిచ్చాడో ఇప్పుడు చూడండి. ఎంపరర్ కాన్సర్టో, ఆర్చ్‌డ్యూక్ ట్రయో, హామర్‌క్లావియర్ సొనాటా, మిస్సా సొలెమ్నిస్ అన్నీ రూడోల్ఫ్‌కే. స్నేహమూ ఉంది, రూడోల్ఫ్ ఆయన శిష్యుడు కూడా. అయినా ఆ పేర్ల వరసలో సకాలంలో అందిన డబ్బుకి కృతజ్ఞత కూడా నాకు కనిపిస్తుంది.

నంబర్లు చూసి మోసపోకండి

రచనల పేర్ల పక్కన ఉండే అంకెల గురించి ఒక్క మాట. ఓపస్ నంబరు సాధారణంగా అచ్చయిన వరసకి గుర్తు, రాసిన వరసకి కాదు. బీథోవెన్ రెండో పియానో కాన్సర్టో మొదటిదాని కంటే ముందే మొదలైంది, షోపాన్‌వి రెండూ అంతే. మెండెల్సన్ ఐదో సింఫనీ 1830 నాటిది, మూడోది పూర్తయింది 1842లో. మోజార్ట్‌కు వాడే కోహెల్ నంబర్లు, షూబర్ట్‌కు వాడే డాయిచ్ నంబర్లు చాలావరకు కాలక్రమంలో ఉంటాయి. బాఖ్ రచనలకు వాడే బీడబ్ల్యూవీ జాబితా రచనల రకాన్ని బట్టి పేర్చింది. అందులో చిన్న నంబరు చూసి తొలినాటి రచన అనుకోవద్దు.

ఉత్తరం చదివేటప్పుడు ఎవరికి రాశాడో ముందు చూడండి

జీవితచరిత్ర కన్నా ఉత్తరాలు మేలు. మోజార్ట్, బీథోవెన్, మెండెల్సన్, చైకోవ్‌స్కీ ఉత్తరాలు ఆంగ్ల అనువాదంలో తేలిగ్గానే దొరుకుతాయి. కానీ ఉత్తరమంటే నిజం అనుకోకూడదు. మోజార్ట్ తండ్రికి రాసేటప్పుడు రాబడి ఘనంగా చెబుతాడు, ఎందుకంటే కొలువు వదలొద్దని తండ్రి గొడవపెట్టాడు. అదే మోజార్ట్ 1788 నుంచి పుక్‌బెర్గ్ అనే వర్తకుడికి రాసేటప్పుడు తనంత దీనుడు లేడంటాడు. ఒకరికి గెలిచానని నిరూపించుకోవాలి, మరొకరి దగ్గర అప్పు పుట్టాలి. నిజం ఈ రెంటి మధ్య ఎక్కడో ఉంటుంది. పుక్‌బెర్గ్‌ని మాత్రం నేను మనసారా మెచ్చుకుంటాను. ఎంత పంపాడో ఆ ఉత్తరాల మీదే రాసి పెట్టుకున్నాడు. మోజార్ట్ మాటల్లో ఎంత నాటకమున్నా, పుక్‌బెర్గ్ అంకెలు నమ్మొచ్చు.

బీథోవెన్ సంగతి ఇంకా చిత్రం. చెవుడు ముదిరాక, 1818 నుంచి, వచ్చినవాళ్లు చెప్పదలచుకున్నది పుస్తకాల్లో రాసేవాళ్లు. ఆయన చాలావరకు నోటితోనే బదులిచ్చేవాడు. కాబట్టి ఆ సంభాషణ పుస్తకాలు చదువుతుంటే ఫోన్‌లో మాట్లాడుతున్న మనిషి పక్కన కూర్చున్నట్టుంటుంది, ఒక వైపు మాటలే అందుతాయి. పైగా ఆయన కార్యదర్శిగా ఉన్న షిండ్లర్, బీథోవెన్ పోయాక అందులో తన పేరు మీద కొత్త వాక్యాలు ఇరికించాడు. తనకూ బీథోవెన్‌కూ ఉన్న చనువు ఎక్కువ చేసి చూపించుకోవాలని ఆయన ఆరాటం. ఈ దొంగ పద్దులు 1970ల్లో బెర్లిన్ పరిశోధకులు పట్టుకున్నారు. ఐదో సింఫనీ మొదట్లో విధి తలుపు తడుతోందన్న మాట కూడా షిండ్లర్ ద్వారానే మనకు వచ్చింది. ఇక ఎంత నమ్మాలో మీరే చూసుకోండి.

ప్రసిద్ధ కథ ఎదురైతే

ఏదైనా కథ మరీ అందంగా ఉంటే పెన్ను తీయండి. ముందుగా ఎవరు చెప్పారు? జరిగిన ఎన్నేళ్లకు చెప్పారు? చెప్పినందువల్ల వాళ్లకేం ఒరిగింది?

వియన్నాలోని సంగీతకర్త సాలియేరి మోజార్ట్‌కు విషం పెట్టాడన్న కథ తీసుకోండి. మోజార్ట్ పోయింది 1791 డిసెంబరు 5న. పుకారు బలంగా పాకింది 1820ల్లో, సాలియేరి ముసలితనంలో మతి చెదిరి ఉన్నప్పుడు. తర్వాత పుష్కిన్ దాన్ని చిన్న నాటకం చేశాడు, ఒకటిన్నర శతాబ్దానికి సినిమా వచ్చి స్థిరపరిచింది. పద్దులు ఏమంటున్నాయి? 1788 నుంచి ఆస్థాన సంగీతాధిపతి సాలియేరి. పదవిలో, జీతంలో, పరపతిలో తనే పైన ఉన్నాడు. 1791 అక్టోబరులో మోజార్ట్ తన కొత్త ఒపేరాకు సాలియేరిని బండిలో తీసుకెళ్లాడు, ప్రతి పాటకీ ఆయన ఆహా అన్నాడని భార్యకు రాశాడు. మోజార్ట్ పోయాక ఆయన చిన్న కొడుకు ఫ్రాంజ్ జేవర్ సాలియేరి దగ్గరే చదువుకున్నాడు. చంపినవాడి దగ్గరికి ఏ తల్లీ పిల్లాణ్ణి పాఠాలకు పంపదు.

అనాథలా గోతిలో పడేశారన్నదీ అంతే. చక్రవర్తి జోసెఫ్ సంస్కరణల తర్వాత వియన్నాలో మధ్యతరగతివాళ్లందరికీ ఆడంబరం లేని సాదా ఖననమే ఆనవాయితీ. అందరికీ జరిగినట్టే ఆయనకూ జరిగింది.

బీథోవెన్ మూడో సింఫనీ కథ మరింత రుచిగా ఉంటుంది. నెపోలియన్ చక్రవర్తినని ప్రకటించుకున్నాడని విని, కోపంతో అతని పేరున్న పేజీని చింపేశాడని శిష్యుడు రీస్ చెప్పాడు. చెప్పింది 1838లో, అంటే 34 ఏళ్ల తర్వాత. ఇందులో నిజం లేకపోలేదు. వియన్నాలో ఉన్న ప్రతిలో ఆ పేరు కాగితం చిల్లు పడేంతగా గీకేసి ఉంది. కానీ అదే రీస్ 1803లో రాసిన ఉత్తరం కూడా ఉంది. లోబ్‌కోవిట్స్ ఆరు నెలల హక్కుకు 400 గుల్డెన్లు ఇస్తానంటున్నాడని, నెపోలియన్‌కు అంకితమిస్తే ఆ డబ్బు పోతుందన్న ఆలోచన ఉందని. చివరికి అంకితం లోబ్‌కోవిట్స్‌కే వెళ్లింది. ఆదర్శం దెబ్బతిన్న కోపమూ ఉంది, 400 గుల్డెన్లూ ఉన్నాయి. రెండూ రాసుకోండి. దేన్నీ కొట్టేయొద్దు.

పద్దుల్లో పేరు లేనివాళ్లు

ఈ పద్ధతికి ఒక పెద్ద లోపముంది. డబ్బు ముట్టనివాళ్లు ఇందులో కనిపించరు. ఆ కాలంలో డబ్బు ముట్టనివ్వనిది ఎక్కువగా స్త్రీలకే.

ఫానీ మెండెల్సన్ 400కు పైగా రచనలు చేసింది. 1820లో ఆమెకు పద్నాలుగేళ్లప్పుడు తండ్రి ఒక ఉత్తరంలో, తమ్ముడు ఫెలిక్స్‌కు సంగీతం వృత్తి కావచ్చు గానీ నీకు అలంకారంగానే ఉండాలని రాశాడు. వాళ్లది బ్యాంకర్ల కుటుంబం. పేదింట్లో పుట్టి ఉంటే ఆమె సంపాదనకి ఎవరూ అడ్డు చెప్పేవాళ్లు కాదేమో, చాలాసార్లు నాకు అనిపిస్తుంది. ఆమె పాటలు ఆరు ఫెలిక్స్ ఓపస్ 8, 9 సంపుటాల్లో ఆయన పేరుతోనే అచ్చయ్యాయి. 1842లో విక్టోరియా రాణి ఫెలిక్స్ ముందు ఆయన పాట అనుకుని ఒకటి ఏరి పాడింది. అది మా అక్కదని ఫెలిక్స్ ఒప్పుకోవాల్సి వచ్చింది. ఆమె సొంత పేరుతో ఓపస్ 1 వచ్చింది 1846లో. మరుసటి మేలో ఆమె పోయింది. ఆమె రాసిన ఈస్టర్ సొనాటాను తమ్ముడిదిగా చాలాకాలం చెలామణి చేశారు, ఆమెదేనని 2010లో తేలింది.

క్లారా షూమన్ ఇందుకు పూర్తిగా ఎదురు. ఆమె లెక్కలు దండిగా దొరుకుతాయి, ఎందుకంటే ఇల్లు నడిపింది ఆమే. 1854లో భర్త రాబర్ట్‌ను మానసిక చికిత్సాలయంలో చేర్చాక, ఏడుగురు పిల్లల్ని పియానో కచేరీలతో పోషించింది. ఆమె దాచుకున్న కచేరీ కరపత్రాలు 1,300 దాకా ఉన్నాయి. ఆ కట్టను మించిన జీవితచరిత్ర ఉండదు. అదే కట్ట మరో నిజం కూడా చెబుతుంది. రాబర్ట్ పోయాక ఆమె కొత్తగా రాయడం దాదాపు మానేసింది. రాయడానికి తీరికెక్కడిది?

కాబట్టి మీ నోట్‌బుక్కులో ఆరో గడి ఒకటి చేర్చుకోండి: ఇది రాస్తున్నప్పుడు ఇంటి ఖర్చు ఎవరు చూశారు? చైకోవ్‌స్కీకి ఆ గడిలో నదేజ్దా ఫోన్ మెక్ అనే ధనిక వితంతువు వస్తుంది. 1877 నుంచి 1890 దాకా ఏడాదికి 6000 రూబుళ్లు. ఎదురుపడి మాట్లాడుకోకూడదన్నది ఇద్దరి ఒప్పందం. ఆ డబ్బుతోనే ఆయన మాస్కో కన్సర్వేటరీలో పాఠాలు చెప్పడం మానేశాడు. అమెరికన్ సంగీతకర్త చార్లెస్ ఐవ్స్‌కు ఆ గడిలో ఆయన సొంత బీమా వ్యాపారమే ఉంటుంది. కొనేవాళ్లు లేకపోయినా తనకు తోచినట్టు రాయగలిగాడు, మూడో సింఫనీకి పులిట్జర్ వచ్చింది 1947లో, రాసిన దశాబ్దాల తర్వాత. షోస్టకోవిచ్‌కు ఆ గడిలో సోవియట్ రాజ్యం ఉంటుంది. 1936 జనవరిలో ప్రావ్దా పత్రిక ఆయన ఒపేరాను దుమ్మెత్తిపోసింది, నాలుగో సింఫనీని రిహార్సళ్ల దశలోనే వెనక్కి తీసుకున్నాడు, అది వినబడింది 1961లో. యజమాని రాజ్యమైతే పోయేది జీతం ఒక్కటే కాదు. ఐదో సింఫనీ ముగింపు నిజమైన సంతోషమా కాదా అని వాదించుకునేవాళ్లు ముందు ఈ తేదీలు చూడాలి.

హైడ్న్‌తో మొదలుపెట్టండి

మొదట ఎవరితో ప్రయత్నించాలని అడిగితే నేను మోజార్ట్ అనను, బీథోవెన్ అసలే అనను. వాళ్ల చుట్టూ కథలు ఎక్కువ. జోసెఫ్ హైడ్న్‌ని తీసుకోండి. కాగితాలు శుభ్రంగా ఉన్నాయి, జీవితం పొడుగైంది, మెట్లు స్పష్టంగా కనిపిస్తాయి.

ఎస్టర్‌హాజీ ప్రభువంశంతో ఆయన కుదుర్చుకున్న 1761 మే 1 నాటి ఒప్పందం చదవండి. జీతం ఏడాదికి 400 గుల్డెన్లు. తెల్ల మేజోళ్లు, పౌడరు అద్దిన జుట్టుతో యూనిఫాంలో ఉండాలి. రోజూ ప్రభువు గది బయట నిలబడి ఇవాళ సంగీతం ఏం కావాలో అడగాలి. రాసింది ప్రభువుదే, బయటివాళ్లకు ఇవ్వకూడదు, అనుమతి లేకుండా ఇంకెవరికీ రాయకూడదు. చదివాక ఆ ఏడాదే రాసిన ఆరో సింఫనీ వినండి. అందులో ఒక్కో వాద్యకారుడికీ సోలో ఉంటుంది. ఉన్నది పదిహేను మంది దాకా. కొత్తగా వచ్చిన యువకుడు తన కింద పనిచేసేవాళ్లని మంచి చేసుకుంటున్నాడని నా అనుమానం.

తర్వాత 45వది, 1772. ప్రభువు వేసవి భవనంలోనే ఉండిపోవడంతో వాద్యకారులు ఇళ్లకు పోలేకపోయారు. చివర్లో ఒక్కొక్కరే కొవ్వొత్తి ఆర్పి లేచి వెళ్లిపోతే, ప్రభువు అర్థం చేసుకుని సెలవిచ్చాడట. ఇది హైడ్న్ ముసలితనంలో తన జీవితచరిత్రకారులకు చెప్పిన కథ. పైన చెప్పిన మూడు ప్రశ్నలు ఇక్కడ వేసి చూడండి. సంగీతం మాత్రం కళ్లెదురుగా ఉంది, వాద్యాలు నిజంగానే ఒక్కొక్కటీ ఆగిపోతాయి.

1779లో కొత్త ఒప్పందం రాశారు. బయటివాళ్లకు ఇవ్వకూడదన్న షరతు అందులో లేదు. వెంటనే వియన్నాలో అర్టారియా ప్రచురణ సంస్థ అచ్చువేయడం మొదలుపెట్టింది, పారిస్ నుంచి ఆరు సింఫనీలకు ఆర్డరు వచ్చింది, ఒక్కోదానికి 25 లూయీ బంగారు నాణేలు. ఒక్క వాక్యం తీసేసినందుకు ఒక మనిషి మార్కెట్టు ఎంత విస్తరించిందో ఇంతకన్నా తేటగా ఇంకెక్కడా చూడలేదు. 82 నుంచి 87 దాకా వినండి. శబ్దం పెద్దదవుతుంది, ఎందుకంటే పారిస్ ఆర్కెస్ట్రా పెద్దది.

1790లో ప్రభువు పోయాడు. వారసుడు ఆర్కెస్ట్రాలో చాలామందిని పంపించేశాడు. హైడ్న్‌కు పింఛను ఉంది, పని లేదు. సలమన్ అనే కచేరీ నిర్వాహకుడు వచ్చి లండన్ రమ్మన్నాడు. రెండుసార్లు వెళ్లాడు, పన్నెండు సింఫనీలు రాశాడు. అక్కడ ఆయన రాసుకున్న నోట్‌బుక్కులు ఉన్నాయి, వెతికి చదవండి. 1795 మే 4న తన లబ్ధి కోసం జరిగిన కచేరీలో అరవై మంది దాకా ఉన్న ఆర్కెస్ట్రాతో 104వ సింఫనీ వినిపించాడు. ఆ సాయంత్రం 4000 గుల్డెన్లు వచ్చాయని, ఇలాంటిది ఇంగ్లండ్‌లోనే సాధ్యమని రాసుకున్నాడు. మధ్యలో 34 ఏళ్లలో ధరలు మారాయి, అది మినహాయించుకోండి. అయినా మొదటి ఒప్పందం ప్రకారం అది పదేళ్ల జీతం. ఆ సింఫనీని ఆరో సింఫనీ పక్కన పెట్టి ఒకే విడతలో రెండూ వినండి. ఆ తర్వాత ఆయన జీవితచరిత్ర కొనుక్కోవచ్చు.